ఏలూరు ఎగువనేల కొండలు - దుద్దుకూరు సున్నపురాయి : భౌగోళిక స్వరూపం, శిలావర్గీకరణ

వ్యాససంగ్రహం:

ఆంధ్రప్రదేశ్‌లో సున్నపురాయి కొండలు అనగానే ఎర్రమలలు, పల్నాడు, జగ్గయ్యపేట, బొర్రా గుర్తుకు వస్తాయి. ఏలూరు, తాడేపల్లిగూడెం, కొల్లేరు ప్రాంతం ఈ జాబితాలో కనిపించదు. ఇక్కడి కొండలు ప్రధానంగా ఇసుకరాయి కొండలు. అయితే ఈ ఎగువనేల తూర్పు కొసన, దుద్దుకూరు - పంగిడి పరిసరాల్లో, లావా పొరల కిందా వాటి నడుమా పలుచని సున్నపురాయి పొరలు ఉన్నాయి. పరిమాణంలో స్వల్పమైనా భూచరిత్ర రచనలో వీటి స్థానం పెద్దది. ఏలూరు ఎగువనేల భౌగోళిక స్వరూపాన్ని, శిలావరుసల వర్గీకరణను, అందులో సున్నపురాయి స్థానాన్ని వివరించడం, వర్గీకరణ పేర్ల వల్ల ఏర్పడే చిక్కులను చూపడం, ఈ రాతి సాక్ష్యాన్ని కాపాడుకోవలసిన అవసరాన్ని తెలపడం ఈ వ్యాసం ఉద్దేశం.

కీలకపదాలు: సున్నపురాయి, దుద్దుకూరు, రాజమహేంద్రవరం ట్రాప్, తిరుపతి ఇసుకరాయి, రాఘవాపురం షేల్, కొల్లేరు, శిలావర్గీకరణ.

1. ఉపోద్ఘాతం:

ఒక కొండను వర్గీకరించడానికి రెండు మార్గాలు ఉన్నాయి. మొదటిది రూపాన్ని బట్టి చేసేది. ఎత్తు, వాలు, దిశ, నీటిపారుదల ఇందులో లెక్కకు వస్తాయి. రెండవది రాతిని బట్టి చేసేది. ఆ రాయి ఎలా పుట్టింది, ఏ కాలంలో పుట్టింది, దాని పైనా కిందా ఏ రాళ్ళు ఉన్నాయి అనేవి ఇందులో ముఖ్యం. భూగోళశాస్త్రం మొదటి మార్గానికి, భూవిజ్ఞానశాస్త్రం రెండవ మార్గానికి ప్రాధాన్యం ఇస్తాయి. ఈ రెండూ కలిసినప్పుడే ఒక ప్రాంతపు నేల, నీరు, పంట, నివాసం, కట్టడం వంటి అంశాలకు సరైన వివరణ లభిస్తుంది.

ఏలూరు ప్రాంతంలో ఈ రెండు మార్గాలూ ఒకేచోట ఉపయోగపడతాయి. దక్షిణాన కొల్లేరు పల్లం, డెల్టా నల్లరేగడి. ఉత్తరాన ఎర్రనేలల మెట్ట, దానిపై అక్కడక్కడ గుట్టలు. ఇంకా పైన పాపికొండల వరకు తూర్పు కనుమలు ఉన్నాయి. పల్లపు సాగుకు, మెట్ట సేద్యానికి మధ్య ఉన్న తేడా మూలం ఈ రాళ్ళ తేడాలోనే ఉంది. 2022 ఏప్రిల్‌లో జిల్లాల పునర్విభజన తరువాత ఈ మెట్ట ఏలూరు, పశ్చిమ గోదావరి, తూర్పు గోదావరి జిల్లాల మధ్య పంపకమైంది. ద్వారకా తిరుమల ఏలూరు జిల్లాలో, తాడేపల్లిగూడెం పశ్చిమ గోదావరిలో, దుద్దుకూరు ఉన్న దేవరపల్లి మండలం తూర్పు గోదావరిలో చేరాయి. పాలనా సరిహద్దులు మారినా శిలావరుస ఒక్కటే కనుక దాన్ని ఒకే ప్రాంతంగా పరిశీలించడం సముచితం.

2. సున్నపురాయి - తెలుగునేలపై మూడు తరాలు:

కాల్షియం కార్బొనేట్ ప్రధానంగా ఉన్న అవసాదశిల సున్నపురాయి. ఎక్కువ భాగం సున్నపురాయి నీటిలో జీవించిన ప్రాణుల గుల్లలు, శైవలాల పెంకులు అడుగున పేరుకొని గట్టిపడగా ఏర్పడింది. కొంత భాగం నీటిలో కరిగి ఉన్న సున్నం నేరుగా అడుగుకు దిగడం వల్ల కూడా ఏర్పడుతుంది. సజల హైడ్రోక్లోరిక్ ఆమ్లపు చుక్క పడితే నురగ రావడం దీని క్షేత్రపరీక్ష. కోస్తాలో గుల్లలను కాల్చి చేసే సున్నాన్ని గుల్లసున్నం అంటారు. గుల్లకూ సున్నపురాయికీ ఉన్న రసాయన బంధుత్వం ఆ మాటలోనే ఉంది.

వయస్సు, స్వభావం ఆధారంగా ఆంధ్రప్రదేశ్‌లోని సున్నపురాళ్ళను మూడు తరాలుగా విభజించవచ్చు.

అ) స్ఫటికీకరణ చెందిన సున్నపురాళ్ళు: తూర్పు కనుమలలో ఖోండలైట్ శిలలతో కలిసి ఉండే ఈ రాళ్ళు తీవ్రమైన వేడికీ ఒత్తిడికీ లోనై రూపాంతరం చెందాయి. అనంతగిరి ప్రాంతపు బొర్రా గుహలు ఇటువంటి రాతిలో ఏర్పడ్డాయి. ఇందులో శిలాజాలు ఉండవు.

ఆ) పొరలుపొరలుగా ఉన్న ప్రాచీన సున్నపురాళ్ళు: ఎర్రమలలు, నంద్యాల లోయ, పల్నాడు, జగ్గయ్యపేట ప్రాంతాల రాళ్ళు ఈ తరానికి చెందుతాయి. విలియం కింగ్ 1872లో కడప, కర్నూలు శిలావరుసలను విపులంగా వర్ణించాడు. నేడు కర్నూలు వర్గంలో బనగానపల్లి క్వార్ట్జైట్, నార్జి సున్నపురాయి, ఔకు షేల్, పాణ్యం క్వార్ట్జైట్, కోయిలకుంట్ల సున్నపురాయి, నంద్యాల షేల్ అనే ఆరు విభాగాలను కింది నుండి పైకి వరుసగా గుర్తిస్తున్నారు. 3229 మీటర్ల పొడవైన బెలుం గుహలు ఈ తరపు సున్నపురాతిలో ఏర్పడ్డవే. రాష్ట్రంలోని సిమెంటు పరిశ్రమకు ప్రధాన ముడిసరుకు ఈ తరం నుండే లభిస్తుంది.

ఇ) శిలాజసహితమైన సున్నపురాళ్ళు: క్రెటేషియస్ యుగాంతం, దాని తరువాతి కాలాలకు చెందినవి ఇవి. నత్తగుల్లలు, సూక్ష్మజీవుల పెంకులు వీటిలో స్పష్టంగా కనిపిస్తాయి. దుద్దుకూరు, కాతేరు రాళ్ళు ఈ తరానివి.

మొదటి రెండు తరాలు కొండలుగా నిలిచాయి. మూడవ తరం కొండగా నిలవలేదు. కొండ పక్కన, లావా చాటున ఒక పొరగా మాత్రమే బయటపడింది. ఏలూరు ప్రాంతం విషయంలో మొదట గమనించవలసిన వాస్తవం ఇదే.

3. ఏలూరు - తాడేపల్లిగూడెం ప్రాంత భౌగోళిక స్వరూపం:

ఈ ప్రాంతాన్ని దక్షిణం నుండి ఉత్తరానికి నాలుగు మెట్లుగా భావించవచ్చు.

మొదటి మెట్టు కొల్లేరు పల్లం. కృష్ణా, గోదావరి డెల్టాల మధ్య మిగిలిపోయిన పల్లపు భూమి ఇది. రెండు నదులూ తమ తమ డెల్టాలను సముద్రంలోకి పెంచుకొంటూ పోగా, నడుమ ఉన్న పూర్వపు ఉప్పుకయ్య క్రమంగా మంచినీటి సరస్సుగా మారిందని పరిశోధకుల అభిప్రాయం. సరస్సుకు దక్షిణంగా కనిపించే పాత ఇసుకమేటలు ఒకప్పుడు సముద్రతీరం ఇంత లోపల ఉండేదని తెలుపుతాయి. బుడమేరు, తమ్మిలేరు, రామిలేరు, గుండేరు వంటి ఏరులు కొల్లేటికి నీరు తెస్తాయి. మిగులునీరు ఉప్పుటేరు ద్వారా బంగాళాఖాతం చేరుతుంది.

రెండవ మెట్టు డెల్టా ఒండ్రునేల. ఏలూరు, తాడేపల్లిగూడెం పట్టణాలు ఈ ఒండ్రునేలకూ మెట్టకూ మధ్యనున్న అంచు మీద ఉన్నాయి. పల్లపు వరికీ, మెట్ట పంటలకూ ఇవి సహజంగానే సంతలయ్యాయి.

మూడవ మెట్టు ఎర్రనేలల ఎగువభూమి. నూజివీడు, పెదవేగి, కామవరపుకోట, ద్వారకా తిరుమల, నల్లజర్ల, దేవరపల్లి ప్రాంతాలు ఇందులోకి వస్తాయి. వేంగీ రాజధానిగా చరిత్రకెక్కిన పెదవేగి ఈ మెట్ట అంచునే ఉంది. పెదవేగిలోని ఆయిల్‌పామ్ పరిశోధన సంస్థ, తాడేపల్లిగూడెం సమీపంలో వెంకటరామన్నగూడెంలోని ఉద్యాన విశ్వవిద్యాలయం ఈ ఎర్రనేలలో తోటపంటలకు ఉన్న ప్రాముఖ్యాన్ని సూచిస్తాయి.

నాలుగవ మెట్టు తూర్పు కనుమల శ్రేణి. బుట్టాయగూడెం, పోలవరం దిశగా ఖోండలైట్ కొండలు లేచి గోదావరి గండి వద్ద పాపికొండలుగా నిలుస్తాయి.

ఈ నాలుగు మెట్లను కలిపేవి ఏరులు. తమ్మిలేరు చింతలపూడి ప్రాంతపు ఇసుకరాయి నేలను కోసుకొంటూ దిగి, ఏలూరు వద్ద రెండు పాయలై, కొల్లేటిలో కలుస్తుంది. ఎర్రకాలువ జంగారెడ్డిగూడెం వైపు నుండి వచ్చి తాడేపల్లిగూడెం సమీపాన నందమూరు వద్ద పల్లానికి దిగి, యనమదుర్రు మురుగుకాలువగా సముద్రం వైపు సాగుతుంది. వానాకాలంలో ఈ ఏరుల నీరు ఎర్రగా మారడానికి మెట్టలోని ఇసుకరాయి, ఎర్రమట్టి కారణం. అంటే ఎగువన కొండ ఏ రాతితో తయారైందో దాన్ని బట్టే దిగువన చేరే మట్టి స్వభావం ఉంటుంది.

4. ఎగువనేల శిలావరుసలు:

ఈ ప్రాంతపు రాళ్ళను పాతవాటి నుండి కొత్తవాటికి వరుసగా ఇలా వర్గీకరించవచ్చు.

4.1. ఖోండలైట్, చార్నొకైట్ శిలలు: ఇవి ఈ ప్రాంతానికి పునాది రాళ్ళు. మిగిలినవన్నీ వీటి మీద, వీటి మధ్య ఏర్పడిన పగుళ్ళ పల్లాలలో పేరుకొన్నవే.

4.2. దిగువ గోండ్వానా ఇసుకరాళ్ళు: ప్రాణహిత - గోదావరి లోయ వెంట ఆగ్నేయంగా సాగివచ్చిన నదీనిక్షేపాలు చింతలపూడి ప్రాంతం వరకు విస్తరించాయి. ఈ వరుసలోనే బొగ్గు పొరలు ఉన్నాయి. కామవరపుకోట సమీపంలోని గుంటుపల్లి బౌద్ధగుహలను ఇసుకరాయి కొండలోనే తొలిచారు. కర్రదూలాల ఇంటికప్పును రాతిలో అనుకరిస్తూ అక్కడి వర్తులాకార చైత్యగృహం పైకప్పును చెక్కారు. ఇసుకరాయి ఉలికి లొంగే రాయి కావడం వల్ల ఆ పని సాధ్యమైంది.

4.3. గొల్లపల్లి ఇసుకరాయి: నూజివీడు సమీపంలోని గొల్లపల్లి పేరు దీనికి వచ్చింది. దీనిలోని వృక్షశిలాజాలను ఒట్టోకర్ ఫీస్ట్‌మాంటెల్ 19వ శతాబ్ది 8వ దశకంలో వర్ణించాడు.

4.4. రాఘవాపురం షేల్: చింతలపూడి వైపు ఉన్న రాఘవాపురం గ్రామం పేరుతో ప్రసిద్ధమైంది. దీనిలో నేలమీది మొక్కల ఆకుముద్రలు, సముద్రంలో జీవించిన అమ్మొనైట్ల శిలాజాలు రెండూ లభిస్తాయి. సముద్రం అప్పటి తీరాన్ని దాటి లోపలికి వచ్చిందనడానికి ఇది సాక్ష్యం. భూగర్భంలో ఈ షేల్‌ను కృష్ణా - గోదావరి పరీవాహక నిక్షేపాలలో చమురు, సహజవాయువులకు ముఖ్యమైన మూలశిలగా పరిగణిస్తారు.

4.5. తిరుపతి ఇసుకరాయి: ద్వారకా తిరుమల కొండ ఈ పేరుకు మూలం. దీనిలో ట్రైగోనియా అనే సముద్రపు ఆల్చిప్ప శిలాజాలు దొరికాయి.

గొల్లపల్లి, రాఘవాపురం, తిరుపతి అనే ఈ మూడంచెల విభజన గోదావరి జిల్లా తీరప్రాంతంపై విలియం కింగ్ 1880లో ప్రకటించిన పరిశీలనతో స్థిరపడింది. ఒంగోలు వైపు రాబర్ట్ బ్రూస్ ఫుట్ పరిశీలించిన బూదవాడ ఇసుకరాయి, వేమవరం షేల్, పావులూరు ఇసుకరాయి వీటికి వరుసగా సమానమైనవిగా భావిస్తారు. ఇసుకరాయి, షేల్, మళ్ళీ ఇసుకరాయి అనే క్రమం రెండుచోట్లా ఉండటం సముద్రం ముందుకు వచ్చి తిరిగి వెనుకకు వెళ్ళిన ఒకే ఘట్టాన్ని తెలుపుతుంది.

4.6. దుద్దుకూరు సున్నపురాయి, రాజమహేంద్రవరం ట్రాప్: ఈ వ్యాసానికి కేంద్రమైన భాగం ఇది. తరువాతి ప్రకరణంలో వివరంగా చూడవచ్చు.

4.7. రాజమహేంద్రవరం ఇసుకరాయి: లావా తరువాత చాలా కాలానికి ఏర్పడిన ఎర్రని, గులకలతో కూడిన ఇసుకరాయి ఇది. మెట్టలోని ఎర్రనేలలకు ఇదొక ముఖ్యాధారం. నీటిని పీల్చి నిలువ ఉంచుకొనే గుణం ఉండటంతో మెట్ట వ్యవసాయంలోని గొట్టపుబావులకు ఇది ప్రధాన జలాధారాలలో ఒకటి.

4.8. ఒండ్రు: అన్నిటికంటె కొత్తది. డెల్టా, కొల్లేరు పల్లం దీనితో నిండి ఉన్నాయి.

5. దుద్దుకూరు సున్నపురాయి:

5.1. ఉనికి: దుద్దుకూరు, గౌరీపట్నం, పంగిడి పరిసరాల్లో గోదావరికి పడమట, రాజమహేంద్రవరం సమీపంలోని కాతేరు వద్ద గోదావరికి తూర్పున నల్లని బసాల్ట్ రాయి బయటపడింది. దీన్నే రాజమహేంద్రవరం ట్రాప్ అంటారు. దీని వరుస సరళమైనది. అన్నిటికంటె కింద తిరుపతి ఇసుకరాయి. దానిపై సముద్రపు గుల్లలు గల ఇసుకరాయి, సున్నపురాయి. దానిపై తొలి లావా. ఆపైన కొన్ని మీటర్ల మందం గల సున్నపురాయి, సున్నపుమట్టి పొర. దానిపై మలి లావా. చివరకు రాజమహేంద్రవరం ఇసుకరాయి. తొలి లావాకు దిగువన ఉన్నదాన్ని లావా కింది పొర అనీ, రెండు లావాల మధ్య ఉన్నదాన్ని లావాల నడిమి పొర అనీ పిలవవచ్చు. దుద్దుకూరు ప్రాధాన్యం ఈ రెండు పొరలూ ఒకే ఊరి పరిసరాల్లో కనిపించడంలో ఉంది.

5.2. శిలాజ సాక్ష్యం: లావా కింది పొరలో టరిటెల్లా అనే సన్నని మెలికల శంఖాకారపు గుల్లలు గుంపులుగా ఉన్నాయి. ఇది సముద్రజీవి కనుక, లావా రాకముందు ఇక్కడ లోతు తక్కువైన సముద్రం ఉండేదని తెలుస్తుంది. నడిమి పొరలో మాత్రం భిన్నజాతులు కలిసి ఉన్నాయి. మంచినీటి నత్తలు, చెరువులలో పెరిగే కారా జాతి శైవలాల గింజలు ఒకవైపు, సముద్రపు సూక్ష్మజీవులు మరొకవైపు లభించాయి. అంటే అది నదీముఖం. ఆటుపోట్లతో ఉప్పునీరూ మంచినీరూ ఒకదాని చోటును మరొకటి ఆక్రమించిన తీరం. నేటి ఉప్పుటేరు ముఖాన్ని ఎరిగిన పాఠకులకు ఆ దృశ్యాన్ని ఊహించడం కష్టం కాదు.

5.3. పరిశీలన చరిత్ర: పంగిడి ప్రాంతపు గుల్లలను 1835 నాటి ఉత్తర సర్కారుల యాత్రలో బెంజా గమనించాడు. నాగపూరులో మతబోధకుడిగా ఉంటూ భూవిజ్ఞానంలో కృషి చేసిన స్టీఫెన్ హిస్లాప్ 1860లో రాజమహేంద్రవరం ప్రాంతపు గుల్లలను శాస్త్రీయంగా వర్ణించాడు. 20వ శతాబ్దిలో ఎస్.ఆర్. నారాయణరావు, ఎల్. రామారావు వంటివారు కాతేరు పొరల్లోని శైవల శిలాజాలను సూక్ష్మదర్శినితో పరిశీలించారు.

5.4. వయస్సుపై చర్చ: దక్కన్ లావాలు క్రెటేషియస్ యుగానివా, తృతీయ యుగానివా అనేది దీర్ఘకాలపు వాదం. వృక్షశిలాజాల ఆధారంగా బీర్బల్ సహానీ 1930లలో తృతీయ యుగం వైపు మొగ్గాడు. మధ్యభారతంలోని నడిమి పొరలు మంచినీటివి. వాటిలోని జీవులు ఒక్కో చెరువుకు పరిమితమైనవి కనుక ప్రపంచవ్యాప్తమైన కాలపట్టికతో పోల్చడం కష్టం. గోదావరి తీరపు పొరలు పాక్షికంగా సముద్రానివి. సముద్రపు ఉపరితలంపై తేలియాడే ఫొరామినిఫెరా జీవులు ప్రపంచమంతటా ఒకే వరుసలో మారుతూ వచ్చాయి. కనుక లావా వయస్సును సముద్రపు కాలపట్టికతో జోడించగల తాళంచెవి ఈ తీరపు సున్నపురాతిలో ఉంది.

ఆ తాళంచెవిని గెర్టా కెల్లర్ బృందం 2008లో ప్రకటించిన పరిశోధన ఉపయోగించింది. రాజమహేంద్రవరం ప్రాంతపు గనులలోని నడిమి పొరలో ఆ బృందానికి తొలి డేనియన్ కాలపు ఫొరామినిఫెరా దొరికాయి. డేనియన్ అంటే డైనోసార్లు అంతరించిన వెంటనే మొదలైన కాలం. అంటే తొలి లావా క్రెటేషియస్ యుగాంతం దగ్గర, సుమారు 6.6 కోట్ల ఏళ్ళ క్రితం, ముగిసింది. మలి లావా దాని తరువాతిది. రాళ్ళలోని అయస్కాంత దిశ కూడా దీనికి అనుకూలంగా ఉంది. తొలి లావా విలోమ అయస్కాంత దశలోనూ, మలి లావా అనులోమ దశలోనూ గడ్డకట్టాయి.

మహావినాశనానికి మెక్సికోలోని చిక్‌షులూబ్ వద్ద జరిగిన ఉల్కాపాతం కారణమా, దక్కన్ లావాల విషవాయువులు కారణమా, రెండూ కలిసి కారణమా అన్న చర్చ నేటికీ సాగుతున్నది. ఆ చర్చలో ఇరుపక్షాలవారూ లెక్కలోకి తీసుకోక తప్పని పొరలలో దుద్దుకూరు, కాతేరు సున్నపురాళ్ళు ఉన్నాయి.

5.5. లావా ఎక్కడిది: గోదావరి తీరంలోని ఈ బసాల్ట్ స్థానికంగా ఉబికినదా, పశ్చిమ కనుమల నుండి ప్రవహించి వచ్చినదా అన్నది మరో ప్రశ్న. రసాయన కూర్పు, వయస్సు, అయస్కాంత దిశలను బట్టి ఇవి మహాబలేశ్వర్ ప్రాంతపు లావావరుసలతో సరిపోతాయని స్టీఫెన్ సెల్ఫ్ బృందం 2008లో వాదించింది. నాటి నదీలోయల వెంట సుమారు 1000 కిలోమీటర్లు సాగివచ్చిన ఈ ప్రవాహాలు భూమిపై తెలిసిన లావాలలో అత్యంత పొడవైనవి కావచ్చునని వారి ప్రతిపాదన. నేడు గోదావరి నడిచే దారికి దాదాపు సమాంతరమైన దారిలో ఒకనాడు లావా నడిచిందని దీని సారాంశం.

6. డెల్టా కింది సున్నపురాయి:

దుద్దుకూరు పొరలు అక్కడితో ఆగిపోలేదు. అవి ఆగ్నేయంగా వాలుతూ డెల్టా ఒండ్రు కిందికి దిగిపోయాయి. పాలకొల్లు, నరసాపురం, రాజోలు ప్రాంతాలలో చమురు, సహజవాయు సంస్థ తవ్విన బావులలో ఇదే లావా వేల మీటర్ల లోతున తగిలింది. ఆ బావుల నమూనాలలో సముద్రజీవుల వరుస మరింత సంపూర్ణంగా ఉండటంతో, 2011లో ప్రకటితమైన మరో పరిశోధన వాటిని ఆధారం చేసుకొన్నది.

డెల్టా అడుగున పాలకొల్లు షేల్, పాశర్లపూడి వరుస, భీమనపల్లి సున్నపురాయి వంటి స్థానిక నామాలతో పొరలను గుర్తించారు. భీమనపల్లి సున్నపురాయి ఇయోసీన్ కాలానికి చెందినది. పునాది రాతిలోని ఎత్తుపల్లాలను కూడా బాపట్ల, కాజ - కైకలూరు, తణుకు గట్లుగా పేర్కొంటారు. కొల్లేటి తీరపు కైకలూరు కింద కనిపించని కొండగట్టు ఒకటి ఉన్నదన్నమాట. కాబట్టి ఈ ప్రాంతంలో సున్నపురాయి లేదనడం కంటె, అది కొండగా లేచే బదులు నేల కిందికి దిగిందనడం యథార్థం.

7. వర్గీకరణ నామాల చిక్కులు:

7.1. ఊరిపేరు వల్ల భ్రాంతి: తిరుపతి ఇసుకరాయి అన్న పేరు విన్నవారు దాన్ని తిరుపతి పట్టణానికీ శేషాచలానికీ చెందినదిగా భావించే ప్రమాదం ఉంది. ఈ పేరులోని తిరుపతి చిన్నతిరుపతి అని వ్యవహరించే ద్వారకా తిరుమల. శేషాచలం కొండల క్వార్ట్జైట్ కడప శిలావరుసకు చెందినది. రెండింటి వయస్సుల మధ్య వంద కోట్ల ఏళ్ళకు పైగా అంతరం ఉంది. పాఠ్యగ్రంథాలలో ఈ పేరును వాడేటప్పుడు ద్వారకా తిరుమల ప్రస్తావన జోడించడం అవసరం.

7.2. ఒకే పేరు, రెండు వయస్సులు: నేలపైన కనిపించే తిరుపతి ఇసుకరాయిని సంప్రదాయ వర్గీకరణ ఎగువ గోండ్వానాలో చేర్చింది. బావులలో తగిలిన పొరకు అదే పేరు పెట్టినప్పుడు దాని వయస్సు క్రెటేషియస్ ఉత్తరార్ధంగా తేలింది. రాతి పోలికను బట్టి ఇచ్చిన పేరును వయస్సుకు గుర్తుగా తీసుకోవడం వల్ల ఈ చిక్కు వస్తుంది. శిలానామం వేరు, కాలనామం వేరు అన్న వివేచన ఇక్కడ ముఖ్యం.

7.3. వాడుకపేరు వల్ల భ్రాంతి: అమరావతి శిల్పాలను చాలాకాలం పాలరాతి శిల్పాలుగా పేర్కొన్నారు. వాస్తవానికి అవి పల్నాటి సున్నపురాతివి. పాలరాయి రూపాంతరశిల, పల్నాటి రాయి అవసాదశిల. జగ్గయ్యపేట, అమరావతి శిల్పులకు సున్నపురాయి, గుంటుపల్లి శిల్పులకు ఇసుకరాయి లభించాయి. కళాచరిత్రలో రాతిపేరు సరిగ్గా చెప్పడం అలంకారం కోసం కాదు; రాయి ఎక్కడి నుండి వచ్చిందో, ఏ దారిన చేరిందో తేల్చడానికి అదే తొలి ఆధారం.

8. కొల్లేరు - ఎత్తుగీతల వర్గీకరణ:

వర్గీకరణ గ్రంథాలకు పరిమితం కాదని, జీవితాలను ప్రభావితం చేస్తుందని చెప్పడానికి కొల్లేరు తగిన ఉదాహరణ. కొండకు రాతిని బట్టి హద్దు గీయవచ్చు. సరస్సుకు అటువంటి హద్దు లేదు. సముద్రమట్టానికి 3 అడుగుల ఎత్తుగీతను హద్దుగా తీసుకొంటే కొల్లేరు విస్తీర్ణం సుమారు 135 చదరపు కిలోమీటర్లు. 5 అడుగుల గీత వద్ద 308, 7 అడుగుల గీత వద్ద 675, 10 అడుగుల గీత వద్ద 901 చదరపు కిలోమీటర్లు. కేవలం 7 అడుగుల తేడాలో విస్తీర్ణం ఆరున్నర రెట్లకు పైగా పెరగడం ఆ నేల ఎంత సమతలమో తెలుపుతుంది.

1999లో 5 అడుగుల గీత వరకు వన్యప్రాణి అభయారణ్యంగా ప్రకటించారు. 2002లో రామ్‌సర్ ఒడంబడిక కింద 901 చదరపు కిలోమీటర్లకు గుర్తింపు లభించింది. 2006లో అభయారణ్య పరిధిలోని చేపలచెరువుల గట్లను తొలగించారు. హద్దును 3 అడుగులకు తగ్గించాలని 2008లో శాసనసభ తీర్మానించింది. తరువాత కేంద్రం నియమించిన అజీజ్ సంఘం 5 అడుగుల గీతనే కొనసాగించాలని సూచించింది. ఒక గీత ఇటు ఉంటే పక్షికి చోటు, అటు ఉంటే లంకగ్రామాల రైతుకు చెరువు. ఇరువైపుల వాదాలకూ బలం ఉండటానికి కారణం ఆ సమతలత్వమే.

ఎగువ ఏరుల వరదనూ ఈ కోణంలోనే చూడాలి. మెట్టలో ఇసుకరాయి నేల ఇంకించుకోగలిగిన నీరు గొట్టపుబావులకు అందుతుంది. ఇంకని నీరు మట్టితో సహా కొల్లేటికి దిగుతుంది. మెట్టలోని ఎర్రనేలను గ్రావెల్ కోసం తవ్వినచోట ఇంకే నీరు తగ్గి, కొట్టుకుపోయే మట్టి పెరుగుతుంది. 2024 సెప్టెంబరులో బుడమేరు వరద విజయవాడను ముంచిన తరువాత, ఎగువకూ దిగువకూ ఉన్న ఈ సంబంధాన్ని విస్మరించడం ఎవరికీ సాధ్యం కాదు.

9. రాతి సాక్ష్యం - పరిరక్షణ:

దుద్దుకూరు, గౌరీపట్నం ప్రాంతంలో సున్నపురాయి బయటపడటానికి నల్లరాతి క్వారీలే కారణం. రహదారులకు, కట్టడాలకు కావలసిన కంకర కోసం బసాల్ట్‌ను తీసినప్పుడు గోడలాగా నిలిచిన కోతలో లావాల నడిమి పొర కనిపిస్తుంది. శాస్త్రవేత్తలు నమూనాలు తీసుకొన్నది ఆ గోడల నుండే. ఆ తవ్వకమే కొనసాగితే ఆ గోడ కూడా పోతుంది. చూపించినదే చెరిపివేయడం ఇక్కడి విచిత్ర పరిస్థితి. క్వారీలపై ఆధారపడిన జీవనోపాధులు ఉన్నాయి కనుక తవ్వకాన్ని పూర్తిగా ఆపాలనడం ఆచరణసాధ్యం కాదు. రెండు లావాలనూ వాటి నడిమి పొరనూ కలిపి చూపే కొన్ని కోతలను మాత్రం విడిచిపెట్టడం సాధ్యమే.

భారత భూవైజ్ఞానిక సర్వేక్షణ సంస్థ తిరుమలలోని సహజ శిలాతోరణాన్ని, మంగంపేట ముగ్గురాయి నిక్షేపాన్ని, విశాఖ ఎర్రమట్టి దిబ్బలను జాతీయ భూవైజ్ఞానిక స్మారకాలుగా గుర్తించింది. గుర్తింపుకు కొలమానం అందమో పరిమాణమో కాక సాక్ష్యబలం అయితే, దుద్దుకూరు పొరలు ఆ వరుసలో నిలవదగినవి. పరిసర కళాశాలల భూగోళ, భూవిజ్ఞాన, చరిత్ర శాఖలు విద్యార్థులతో క్షేత్రపర్యటనలు జరిపి, కోతల ఛాయాచిత్రాలను, పొరల మందాలను, నమూనాలను ఏటా నమోదు చేస్తే, గోడ పోయినా దాని లిఖితరూపం మిగులుతుంది.

10. ముగింపు:

ఈ పరిశీలన వల్ల తేలిన అంశాలు ఇవి.

1. ఏలూరు ఎగువనేల కొండలు రాతిని బట్టి ప్రధానంగా ఇసుకరాయి, ఖోండలైట్ కొండలు. సున్నపురాయి ఇక్కడ కొండ కాదు, పొర మాత్రమే.

2. ఆంధ్రప్రదేశ్ సున్నపురాళ్ళ మూడు తరాలలో శిలాజసహితమైన మూడవ తరానికి దుద్దుకూరు, కాతేరు ముఖ్య ప్రతినిధులు. దక్కన్ లావాల వయస్సును సముద్రపు కాలపట్టికతో జోడించడంలో వీటి పాత్ర కీలకం.

3. దుద్దుకూరు పొరలు డెల్టా కిందికి కొనసాగుతాయి. నేలపైన భూగోళాన్నీ, నేల కింది నిర్మాణాన్నీ విడదీసి చూస్తే ఈ ప్రాంతం సగమే అర్థమవుతుంది.

4. తిరుపతి ఇసుకరాయి, అమరావతి పాలరాయి వంటి పేర్లను వివరణ లేకుండా వాడటం దోషాలకు దారితీస్తుంది. బోధనలో శిలానామం, కాలనామం, స్థలనామం వేరువేరుగా చెప్పాలి.

5. కొల్లేటి హద్దుల చర్చకు ఎగువ ఏరుల, ఎగువ రాళ్ళ పరిశీలన తోడు కావాలి. సరస్సును గీత కాపాడలేదు. ఆ గీత లోపలికి వచ్చే నీరూ మట్టీ కాపాడాలి.

6. దుద్దుకూరు ప్రాంతంలో కనీసం కొన్ని రాతికోతలను పరిరక్షించి, మిగిలినవాటిని అవి ఉండగానే నమోదు చేయడం పరిశోధకుల తక్షణ కర్తవ్యం.